అన్నాచెల్లెళ్ళని ఒకే కారులో కూర్చోబెట్టారు సరే, వాళ్ళకి పని ఏది?

ప్రశ్న సారాంశం ఇదీ: ఆరేళ్ళుగా మాటల్లేని అన్నాచెల్లెళ్ళు నాన్న అస్థికలు కృష్ణలో కలపడానికి హైదరాబాద్ నుంచి నాన్న పాత కారులో బయల్దేరతారు. బీచుపల్లి చేరేసరికి కలిసిపోతారు. చెల్లెలు నడుపుతుంది. స్క్రిప్టు 110 పేజీలు, ముప్పావు వంతు కారులో సంభాషణే. బడ్జెట్ 30 లక్షలు, పేరున్న నటులు లేరు. చదివినవాళ్ళంతా "బాగుంది కానీ సాగుతోంది" అంటున్నారు. లోపం ఎక్కడ, ఈ డబ్బుతో ఎలా తీయాలి?

మీరు పంపిన సీన్లవారీ సారాంశం, స్క్రిప్టులో మొదటి ఇరవై పేజీలు చదివాను. నేను చాలా ఏళ్ళుగా ఎడిటింగ్ చేస్తున్నాను, ఎక్కువగా చిన్న బడ్జెట్ సినిమాలు. కాబట్టి ఇక్కడ చెప్పేది ఎడిటింగ్ గదిలోంచి చూస్తే కనబడే సంగతి.

సాగుతోంది అన్నవాళ్ళు సరిగ్గానే పట్టుకున్నారు. మీ ఇద్దరికీ కారులో మాట్లాడుకోవడం తప్ప వేరే పని లేదు. ఆరేళ్ళు ముఖాలు చూసుకోనివాళ్ళు శంషాబాద్ దాటకముందే పాత గొడవంతా పూసగుచ్చినట్టు చెప్పుకుంటున్నారు. మాటలు పోయిన ఇళ్ళలో ఎవరూ అలా మాట్లాడరు. అద్దం దించాలా, ఎడమకి తిరగాలి, అమ్మ ఫోన్ చేసింది, ఇంతవరకే వస్తాయి. ఆ మాటల్లో కూడా పిలుపు ఉండదు. ఎవరినో ఉద్దేశించినట్టు "నీళ్ళు సీసాలో ఉన్నయ్" అని గాలిలోకి అంటారు. మీ స్క్రిప్టులో చెల్లెలు మూడో పేజీలోనే "అన్నా" అనేసింది. అక్కడే ప్రేక్షకుడికి తెలిసిపోతుంది, వీళ్ళు కలిసిపోతారని. మిగతా వంద పేజీలు ఎందుకు చూడాలి?

ఈ సినిమాకి నేను చెప్పగలిగిన సలహా ఒక్కటే, మిగతావన్నీ దాంట్లోంచి వచ్చేవే. మాటలు తగ్గించి పనులు పెట్టండి. ఒకరు చేస్తే కానివి, ఇద్దరూ చేయి వేస్తే తప్ప ముందుకు పోనివి. అలాంటి పని ఒక్కొక్కటీ ఒక చిన్న బేరం. ఆ బేరంలో ఆరేళ్ళూ కనబడతాయి, ఎవరూ ఏమీ వివరించక్కర్లేదు.

అస్థికల కుండతోనే మొదలుపెట్టండి. మీ స్క్రిప్టులో దాన్ని డిక్కీలో పెట్టి మరిచిపోయారు. మన దగ్గర చాలా ఇళ్ళలో అస్థికలు గడప దాటి లోపలికి తేరు. శ్మశానంలోనే దాచిపెడతారు, లేకపోతే చెట్టుకి కట్టి ఉంచుతారు. నదిలో కలిపేదాకా నేల మీద పెట్టకూడదని పట్టింపు ఉన్న ఇళ్ళూ ఉన్నాయి. మీ కుటుంబానికి ఆ పట్టింపు ఇవ్వండి. అప్పుడు ఏమవుతుందో చూడండి. చెల్లెలు స్టీరింగ్ పట్టుకుంది కాబట్టి కుండ అన్న ఒళ్ళో ఉండాలి. అతను ఫోన్ చూసుకోలేడు, నిద్రపోలేడు, కాలు చాపుకోలేడు. దిగాలంటే ముందు కుండని ఆమె చేతుల్లో పెట్టాలి. పెట్రోల్ బంకులో ఆ కుండ చేతులు మారడమే మీ సినిమాలో వాళ్ళిద్దరూ మొదటిసారి దగ్గరికి జరగడం. దానికి ఒక్క మాట కూడా అక్కర్లేదు. "జాగ్రత్త" అన్నా ఎక్కువే.

రాత్రి మజిలీ సంగతి చూడండి. లాడ్జి గదిలోకి కుండ తేనివ్వరు. బయట వేపచెట్టు ఉంది. కొమ్మకి కట్టి వదిలేసి పోవడానికి ఇద్దరికీ మనసొప్పదు. ఎవరో ఒకరు కారులో పడుకుని కాపలా ఉండాలి. ఎవరు? మీరు పదకొండు పేజీలు రాసిన హోటల్ గది గొడవ కంటే ఈ ప్రశ్న చాలా బలమైనది. రెండో పాత్ర గదిలో పడుకోలేక, దుప్పటి ఇచ్చే నెపంతో కిందికి వస్తుంది. దుప్పటి ఇచ్చి వెళ్ళిపోతుందా, ముందు సీట్లో కూర్చుంటుందా అన్నది మీరు తేల్చుకోండి. నేనైతే వెళ్ళిపోనిస్తాను. ఇంకా సగం సినిమా ఉంది కదా.

కారు నాన్నది అన్నారు, మంచి నిర్ణయం. అది పాత మహబూబ్‌నగర్ బండి అయితే నంబర్ ప్లేటు మీద ఏపీ 22 ఉంటుంది, మన ప్రేక్షకుడికి ఆ ఒక్క ప్లేటు చాలా చెబుతుంది. 2021 ఫిబ్రవరి నుంచి ఫాస్టాగ్ తప్పనిసరి అయింది కదా, ఆ ట్యాగ్ నాన్న ఫోన్ నంబరు మీదే ఉంటుంది. టోల్ దాటినప్పుడల్లా డబ్బు కట్ అయినట్టు మెసేజ్ చనిపోయిన మనిషి ఫోన్‌కి వస్తుంది. ఆ ఫోన్ డ్యాష్‌బోర్డులో ఉంది, ఇంకా చార్జింగ్ పెడుతున్నారు. ఎవరు పెడుతున్నారు? బ్యాలెన్స్ అయిపోతే ఎవరు వేస్తారు? ఒక టోల్ దగ్గర ట్యాగ్‌లో డబ్బు లేక బండి ఆగిపోతుంది, వెనకాల లారీ హారన్ కొడుతుంది, ఇద్దరూ కలిసి నాన్న ఫోన్ పిన్ ఏమై ఉంటుందో ఆలోచించాలి. ఆ నాలుగంకెలు నాన్న ఎవరి పుట్టినరోజు నుంచి తీసుకున్నాడు? పెద్ద డైలాగు రాసి చెప్పాలనుకున్న విషయం అక్కడ దానంతటదే తెలిసిపోతుంది.

చాయ్ బండి దగ్గర ఇద్దరూ విడివిడిగా స్కాన్ చేస్తారు. సౌండ్‌బాక్స్ రెండుసార్లు పలుకుతుంది, రెండుసార్లూ అదే మొత్తం. బండివాడు ఒకరి డబ్బు తిరిగివ్వాలి. ఎవరిది? ఇలాంటివి రోజూ మన చుట్టూ జరుగుతున్నాయి, రాసుకుంటే చాలు.

అమ్మ పాత్రని ఇంట్లో కూర్చోబెట్టి ఒక్క సీనుతో వదిలేశారు. ఆవిడ చేత ఇద్దరికీ విడివిడిగా ఫోన్ చేయించండి. "మాట్లాడుకుంటున్నరా?" అని అన్నని అడుగుతుంది. అతను చెల్లెలి వైపు చూడకుండా "ఆఁ, మాట్లాడుకుంటున్నం" అంటాడు. పది నిమిషాలకి చెల్లెలికి ఫోన్ చేసి అదే అడుగుతుంది. ఆమె కూడా అదే అబద్ధం చెబుతుంది. అమ్మ కోసం చెప్పిన ఆ అబద్ధమే ఆరేళ్ళలో వాళ్ళు కలిసి చేసిన మొదటి పని. ఆ సీన్ నాకు ఎడిటింగ్‌కి వస్తే దాని చుట్టూ మిగతా సినిమాని అమర్చుకుంటాను.

ఇక గొడవకి కారణం. ఆస్తి తగాదా పెట్టారు. తెలుగు ప్రేక్షకుడు తోబుట్టువుల పంతం అనగానే బలగం (2023) గుర్తు చేసుకుంటాడు. అందులో భోజనాల దగ్గర నల్లిబొక్క (మూలుగు ఎముక) కోసం మొదలైన మాట ఏళ్ళ తరబడి రాకపోకల్ని ఆపేస్తుంది. కారణం చిన్నదై, గాయం పెద్దదైనప్పుడు జనం నమ్మారు. మీది భూమి గొడవ కాబట్టి లెక్క పెద్దది. పెద్ద లెక్క ఉన్నచోట లోపల ఒక చిన్న మాట ఉండాలి, అది మీకు ఇంకా దొరకలేదు.

పైగా చట్టం తప్పుగా రాశారు. బాబాయి పాత్ర "పెళ్ళైపోయిన ఆడపిల్లకి తాతల ఆస్తిలో వాటా ఎక్కడిది" అంటే చెల్లెలు నోరు మూసుకుంటుంది, సినిమా కూడా అదే నిజమన్నట్టు ముందుకు పోతుంది. బాబాయి అనొచ్చు, ఊళ్ళల్లో ఇప్పటికీ అంటారు. సినిమా మాత్రం నమ్మకూడదు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ఈ విషయంలో దేశం కంటే ముందే కదిలింది. 1985 సెప్టెంబర్ 5 నుంచి అమల్లోకి వచ్చిన హిందూ వారసత్వ చట్టం సవరణతో, అప్పటికి పెళ్ళి కాని కూతుళ్ళకి ఉమ్మడి ఆస్తిలో కొడుకుతో సమానంగా హక్కు ఇచ్చింది. 2005 సెప్టెంబర్ 9 నుంచి కేంద్ర సవరణ వచ్చి పెళ్ళైందా కాలేదా అన్న తేడా తీసేసింది. ఆ తేదీకి తండ్రి బతికి ఉండాలా వద్దా అన్న గందరగోళాన్ని 2020 ఆగస్టులో వినీతా శర్మ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది, హక్కు పుట్టుకతోనే వస్తుందని. 2004 డిసెంబర్ 20కి ముందే రిజిస్టరైన పంపకాలకి మాత్రం ఇది వర్తించదు. తండ్రి స్వార్జితమై, వీలునామా రాయకుండా పోతే, కూతురికి సమాన వాటా 1956 చట్టం నుంచీ ఉంది.

కాబట్టి మీ చెల్లెలికి వాటా ఉందా లేదా అన్నది గొడవ కాలేదు. ఉన్న వాటాని ఆమె చేత ఎలా వదిలించారు అన్నదే గొడవ. హక్కు విడుదల పత్రం మీద అన్న సంతకం పెట్టమన్నాడు, "ఊరికే ఫార్మాలిటీ" అన్నాడు, ఆమె చదవకుండా పెట్టేసింది. ఆమెని బాధిస్తున్నది ఎకరాలు పోవడం కాదని నాకనిపిస్తోంది. అడిగి ఉంటే ఇచ్చేసేది. అడగలేదు. ఆ "ఫార్మాలిటీ" అన్న మాట మీ నల్లిబొక్క. దాన్ని సినిమాలో ఒక్కసారి, వేరే సందర్భంలో, అన్న నోటి వెంట అలవాటుగా రానివ్వండి. లాడ్జి రిజిస్టర్‌లో ఆమె చేత సంతకం పెట్టించేటప్పుడు, ఉదాహరణకి. ఆమె పెన్ను పట్టుకుని ఆగిపోతే చాలు.

ఒక చిన్న జాగ్రత్త. మీ కథలో సంతకం 2019-20 ప్రాంతంలో జరిగింది. తెలంగాణ భూ రికార్డుల పోర్టల్ ధరణి 2020 అక్టోబర్ 29న మొదలైంది. దానికి ముందు వ్యవసాయ భూమి రిజిస్ట్రేషన్ సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో జరిగేది, ఆ తర్వాత తహసీల్దార్ ఆఫీసుకి మారింది. మాటల్లో ఆఫీసు పేరు వచ్చినప్పుడు తేదీ చూసుకోండి. తండ్రి పోయాక పేరు మార్పిడిని మన వైపు విరాసత్ అంటాం, మీరు రాసిన పుస్తకాల మాట ఎవరూ వాడరు. ఇవి తెలిసిన ప్రేక్షకులు మీ సినిమాకి మొదటి ప్రేక్షకులు. వాళ్ళ దగ్గర తప్పు దొర్లితే మిగతాది కూడా నమ్మరు.

ఫ్లాష్‌బ్యాక్ పూర్తిగా తీసేయండి. పద్నాలుగు పేజీల ఫ్లాష్‌బ్యాక్ అంటే రెండు కాలాల వేషాలు, ఇంకో ఇల్లు, చిన్నప్పటి పాత్రలకి పిల్లలు. మీ బడ్జెట్‌లో మంచి ముక్క దానికే పోతుంది. అంతకంటే పెద్ద నష్టం ఏమిటంటే, గతాన్ని చూపించాక ఎవరిది తప్పో ప్రేక్షకుడు తీర్పు ఇచ్చేస్తాడు. తీర్పు అయ్యాక ఇంకా ప్రయాణం చూడటానికి ఓపిక ఉండదు.

దారి గురించి కొంచెం ఎక్కువ చెప్పాలి, ఎందుకంటే మీ కథకి అసలు మేలు జరిగేది ఇక్కడే అనుకుంటున్నాను. హైదరాబాద్ నుంచి బీచుపల్లి 44వ నంబరు జాతీయ రహదారి మీద సుమారు 170 కిలోమీటర్లు. షాద్‌నగర్, జడ్చర్ల, కొత్తకోట, పెబ్బేరు, అంతే. నాలుగు వరుసల రోడ్డు, ఎక్కడా ఆగక్కర్లేదు. మూడు గంటల్లో అయిపోయే ప్రయాణంలో రాత్రి మజిలీ ఎలా వచ్చిందని మొదటి ప్రశ్న అడుగుతారు. మీరు పెట్టిన టైరు పంక్చర్ సమాధానం కాదు.

బీచుపల్లికి బదులు, కృష్ణ ఒడ్డునే ఉన్న సోమశిల చూడండి. తుక్కుగూడ దగ్గర శ్రీశైలం రోడ్డెక్కి కడ్తాల్, ఆమన్‌గల్, కల్వకుర్తి, అక్కణ్ణుంచి నాగర్‌కర్నూల్, కొల్లాపూర్ మీదుగా కృష్ణ ఒడ్డుకి. దూరం పెద్దగా మారదు, కానీ ఊళ్ళ మధ్యలోంచి పోయే దారి. ఆగడానికి, దారి తప్పడానికి, చుట్టం ఇంటి ముందు నుంచి పోతూ దిగకుండా ఉండటానికి వీలుంటుంది. పెద్దకొత్తపల్లిలో మేనత్త ఉందనుకోండి, కుండతో ఇంటికి పోకూడదు, పోకపోతే నిష్ఠూరం. ఆవిడే రోడ్డు మీదికి వచ్చి కారు కిటికీలోంచి మాట్లాడుతుంది.

అక్కడ నది అంటే శ్రీశైలం జలాశయం వెనక నీళ్ళు. ఆ ప్రాజెక్టు కింద అటు మహబూబ్‌నగర్, ఇటు కర్నూలు జిల్లాల్లో వందకు పైగా ఊళ్ళు మునిగాయి. 1981లో చాలామందిని బలవంతంగా ఖాళీ చేయించారు. సోమశిల గుళ్ళు కూడా ముంపు వల్ల కింది నుంచి తెచ్చి పైన కట్టినవే. మీ నాన్న పాత్రది ఆ మునిగిన ఊళ్ళలో ఒకటి చేయండి. 1950 ప్రాంతంలో పుట్టిన మనిషి ముప్పై ఏళ్ళ వయసులో ఊరు పోగొట్టుకున్నాడు. పిల్లలు ఆ తర్వాత పుట్టారు. నాన్న తన ఊరి నీళ్ళల్లోనే కలపమన్నాడు. అంటే అన్నాచెల్లెళ్ళు ఇద్దరూ ఎప్పుడూ చూడని ఊరికి, ఇక చూడలేని ఊరికి పోతున్నారు. పడవవాడు "ఊరు ఎక్కడుండె?" అని అడుగుతాడు. నాన్న అన్నకి ఒక గుర్తు చెప్పాడు, చెల్లెలికి ఇంకోటి చెప్పాడు. ఎక్కడ ఆపాలో తేలాలంటే రెండు గుర్తులూ కలవాలి. క్లైమాక్స్‌లో వాళ్ళు మాట్లాడుకోవడానికి ఇంతకంటే బలమైన అవసరం నాకు తోచలేదు. భూమి గొడవకి కూడా లోతు వస్తుంది. ఒకసారి నేల పోగొట్టుకున్న తండ్రి, ముంపు పరిహారంతో కొన్న నాలుగెకరాలు చేజారకూడదని కొడుకు పేరున పెట్టించి ఉంటాడు. అప్పుడు అన్న కూడా పూర్తిగా దుర్మార్గుడు కాడు. అయితే పరిహారం నాన్నకి దక్కినదా, తాతకి దక్కినదా అన్నది ముందే తేల్చుకోండి. పైన చెప్పిన చట్టం లెక్క దాన్నిబట్టి మారుతుంది.

ఇది మీ కథ, ఒప్పుకోవాలని లేదు. ఒప్పుకుంటే మాత్రం నీటిమట్టం తెలుసుకోండి. శ్రీశైలం పూర్తి మట్టం 885 అడుగులు. వానాకాలం వరద బాగా వచ్చిన ఏడాది ఆగస్టు నుంచి అక్టోబర్ దాకా నిండుగా ఉంటుంది, తర్వాత తగ్గుతూ పోయి ఎండాకాలానికి ఒడ్డు చాలా దూరం జరిగిపోతుంది. ఎదుటి గట్టున నీళ్ళల్లో ఉండే సంగమేశ్వరం గుడి బయటపడేది కూడా అప్పుడే. ఒడ్డు సీన్లు రెండు విడతలుగా తీస్తే రెండూ ఒకే చోటులా కనబడవు. ఒకే వారంలో, వరుసగా తీసేయండి. కల్వకుర్తి నుంచి కొల్లాపూర్ మీదుగా పోయే ఆ దారి ఇప్పుడు 167కె నంబరు జాతీయ రహదారిలో భాగం, సోమశిల దగ్గర వంతెన కూడా మంజూరైంది. వెడల్పు పనులు ఎక్కడెక్కడ జరుగుతున్నాయో లొకేషన్ చూసేటప్పుడే అడగండి. మీరు ఇష్టపడిన చింతచెట్లు షూటింగ్ నాటికి ఉండకపోవచ్చు.

షూటింగ్‌కి డిసెంబర్, జనవరి మంచివి. ఎండ మెత్తగా ఉంటుంది, అంతకంటే ముఖ్యంగా ఏసీ ఆపి అద్దాలు మూసి నటులని కూర్చోబెట్టొచ్చు. సౌండ్ కోసం ఇది తప్పదు. ఈ సినిమాని డబ్బింగ్ చేయకండి. మాటలు తక్కువున్న సినిమాలో ఊపిరి, గొంతు సవరించుకోవడం, సీటు చప్పుడు, కుండ మూతికి కట్టిన గుడ్డ రాపిడి, ఇవే నటన. వాటిని తర్వాత స్టూడియోలో పుట్టించలేం. ఇద్దరికీ కాలర్ మైకులు, ఎండ తెర దగ్గర దాచిన ఇంకో మైకు, మంచి సౌండ్ రికార్డిస్ట్ ఒకరు. 30 లక్షల్లో కెమెరా అద్దె తగ్గించైనా ఆ మనిషికి డబ్బు ఇవ్వండి. ఖరీదైన లెన్స్ లేదని ఎవరూ హాల్లోంచి లేచిపోరు, మాట వినబడకపోతే లేచిపోతారు. ప్రతి వేగంలోనూ మాటల్లేకుండా కారు చప్పుడు ఒక్కటే రెండేసి నిమిషాలు రికార్డు చేయించండి. తారు రోడ్డు మీద ఒకటి, మట్టి రోడ్డు మీద ఒకటి, బండి ఆపి ఇంజన్ ఆన్‌లో ఉంచి ఇంకోటి. ఎడిటింగ్‌లో ఒక మౌనాన్ని నాలుగు సెకన్లు పొడిగించాలంటే నాకు కావాల్సింది ఆ చప్పుడే.

నటి డైలాగ్ చెబుతూ రోడ్డు మీద నిజంగా నడపకూడదు. ఈ విషయంలో రాజీ పడకండి. నటిస్తున్న మనిషి కళ్ళు రోడ్డు మీద ఉండవు, ఎదురుగా వచ్చేవాడికి మీ షూటింగ్ సంగతి తెలియదు. డబ్బుంటే కారుని ట్రాలీ లారీ ఎక్కించి తీయొచ్చు. లేకపోతే మీకున్న దారి ఇంకా మంచిది. ముఖ్యమైన మాటలన్నీ బండి ఆగిన చోటికి మార్చండి. టోల్ గేటు, పెట్రోల్ క్యూ, దారి తప్పి పక్కకి తీసి ఆపిన చోటు. నడుస్తున్న కారులో మౌనమే ఉండాలి. రాత్రి ప్రయాణమైతే నిలబడిన కారు మీద లైట్లు కదిలించి, బయట ఇద్దరు మెల్లగా ఊపితే సరిపోతుంది, చీకట్లో ఎవరూ పట్టలేరు.

వెలుతురు దిశ ముందే లెక్కేసుకోండి. మీరు దక్షిణానికి, కల్వకుర్తి దాటాక నైరుతికి పోతున్నారు. పొద్దున ఎండ ఎడమ నుంచి వస్తుంది, అంటే కుండ పట్టుకున్న అన్న మీద పడుతుంది, నడుపుతున్న చెల్లెలు నీడలో ఉంటుంది. మధ్యాహ్నం తర్వాత తిరగబడుతుంది. దీన్ని కథకి వాడుకోవచ్చు, మొదటి సగం అతనిది, రెండో సగం ఆమెది. అద్దం మీద ఆకాశం మెరుపు తగ్గించడానికి పోలరైజర్ ఫిల్టర్ పెట్టాలి, దానికి ఒకటిన్నర నుంచి రెండు స్టాపుల వెలుగు పోతుందని సాయంత్రం సీన్లకి గుర్తుంచుకోండి. కారు లోపల వీలైతే రెండు కెమెరాలు ఒకేసారి తిప్పండి. ఒకరు మాట్లాడినప్పుడు రెండోవాళ్ళ ముఖం అదే క్షణంలో ఏం చేసిందో నాకు కావాలి. విడివిడిగా తీస్తే విన్నట్టు నటించిన ముఖం వస్తుంది, విన్న ముఖం రాదు. ఈ సినిమాలో కట్ ఎప్పుడూ వినేవాళ్ళ మీదే ఉండాలి.

మీరు మూడు డ్రోన్ షాట్లు రాశారు. తీసేయండి. శంషాబాద్ విమానాశ్రయం చుట్టుపక్కల డ్రోన్‌కి ఆంక్షలున్నాయి, తుక్కుగూడ దానికి దగ్గర, అది ఒక కారణం. అసలు కారణం, పైనుంచి చూస్తే ఆ కారు ఏ కారైనా కావచ్చు. గొర్రెల మంద అడ్డం వచ్చే సీను కూడా వదిలేయడమే మేలు. జంతువుల్ని సినిమాలో వాడాలంటే జంతు సంక్షేమ బోర్డు అనుమతి ముందే తీసుకోవాలి, లేకపోతే సెన్సార్ దగ్గర ఆగుతారు. అన్న సిగరెట్టూ అంతే. కాల్చినంతసేపూ తెర కింద హెచ్చరిక పడుతుంది, మీరు కష్టపడి కట్టిన మౌనంలో ప్రేక్షకుడు అక్షరాలు చదువుకుంటూ ఉంటాడు. అతని చేతిలో కుండ ఉంది, సిగరెట్టుకి చోటెక్కడిది?

టోల్‌ప్లాజా దగ్గర తీయాలంటే జాతీయ రహదారుల సంస్థ అనుమతి కావాలి, గుడి మెట్ల మీదైతే దేవాదాయ శాఖది, ఊళ్ళల్లో పోలీస్ స్టేషన్‌కి రాతపూర్వకంగా చెప్పాలి. పడవ ఎక్కించిన ప్రతి మనిషికీ, కెమెరా అసిస్టెంట్‌తో సహా, లైఫ్ జాకెట్ ఉండాలి. నటులకి జాకెట్ లేకుండా కావాల్సిన షాట్లు ఒడ్డు పక్కన, నడుం లోతు నీళ్ళలో తీయండి.

ముగింపులో మీరు ఇద్దరినీ కౌగిలించుకోబెట్టారు. అన్న ఏడుస్తూ తప్పు ఒప్పుకుంటాడు. అది వద్దని గట్టిగా చెబుతాను. అస్థికలు కలిపాక తిరుగు ప్రయాణంలో ఆమె అతన్ని ఇంటి సందు మొదట్లో దింపుతుంది. దిగి తలుపు వేయబోతుంటే అడుగుతుంది, "మాసికం ఎన్నో తారీకు?" అతను చెబుతాడు. "ఎన్నింటికి రావాలె?" అంతే. ఏడాదంతా నెలనెలా వచ్చే పని అది. వాళ్ళు ఇంకా కలవలేదు, కానీ ఇంకో నెలకి ఇంకో పని ఒప్పుకున్నారు. ఆరేళ్ళ తర్వాత మనుషులు నిజంగా ఇవ్వగలిగింది అంతవరకే, ప్రేక్షకుడికి అది చాలు. మీకు కావాలనుకుంటే "అన్నా" అన్న పిలుపు అక్కడ పెట్టుకోండి. నేనైతే అక్కడ కూడా పెట్టను.

నిడివి గంటా నలభై నిమిషాలు దాటనివ్వకండి. మొదటి కూర్పు రెండుంపావు గంటలు వస్తుంది, కంగారు పడొద్దు. ప్రతి సీను చివరి రెండు లైన్లు తీసేసి చూడండి, చాలాచోట్ల సీను బాగుపడుతుంది. కారు పోతుంటే వెనక పాట వేసే ఆలోచన ఉంటే మానుకోండి.

చూపించడం గురించి క్లుప్తంగా. థియేటర్లో వేయాలంటే సెన్సార్ సర్టిఫికెట్ కావాలి, 2024 నియమాల తర్వాత యూఏలోనే 7+, 13+, 16+ అని మూడు తరగతులున్నాయి. మీది యూ గానీ యూఏ 7+ గానీ రావొచ్చని నా అంచనా. గోవాలో నవంబర్‌లో జరిగే ఫిల్మ్ బజార్‌కి (ఇప్పుడు వేవ్స్ ఫిల్మ్ బజార్ అంటున్నారు) పూర్తికాని కూర్పుతో కూడా దరఖాస్తు చేసుకునే విభాగం ఉంది, దానికి తగ్గట్టు క్యాలెండర్ వేసుకోండి. జనవరిలో షూటింగ్ అయితే జూన్‌కి కూర్పు చేతికొస్తుంది. ఓటీటీ మీద లెక్కలు వేసుకుని అప్పు చేయకండి, పేరున్న నటులు లేని సినిమాని ముందే డబ్బిచ్చి కొనేవాళ్ళు ఇప్పుడు అరుదు.

ఎక్కడికైనా పంపేముందు హైదరాబాద్‌లోనే తెలియని మనుషులకి చూపించండి. రవీంద్రభారతిలో పైడి జైరాజ్ ప్రివ్యూ థియేటర్ ఉంది, బంజారాహిల్స్‌లో లామకాన్ అనే సాంస్కృతిక వేదిక ఉంది, రెండుచోట్లా చిన్న సినిమాలు చూసే జనం దొరుకుతారు. స్నేహితులని పిలవకండి. సినిమా అయ్యాక నచ్చిందా అని అడగొద్దు, గొడవ దేనికొచ్చిందో చెప్పమనండి. పదిమందిలో ఆరుగురు "సంతకం" అంటే సరిపోయింది. అందరూ "భూమి" అంటే లాడ్జి రిజిస్టర్ సీను మళ్ళీ కూర్చాలి.

ఇప్పుడు చేయాల్సింది ఒకటుంది. మీ 110 పేజీల్లో ఇద్దరూ కలిసి చేతులతో చేసే పనులన్నిటికీ గీత పెట్టండి. మొదటి ఇరవై పేజీల్లో నాకు రెండే కనబడ్డాయి. గీతలు లేని సీన్లని పక్కన పెట్టి మిగిలినవాటితో వరుస మళ్ళీ వేసుకోండి. తిరగరాసిన పేజీలు పంపితే చదువుతాను. సౌండ్ రికార్డిస్ట్ ఎవరూ దొరక్కపోతే అది కూడా చెప్పండి, ఇలాంటి కథకి ఇష్టంగా వచ్చే ఇద్దరు ముగ్గురు నాకు తెలుసు.